చిత్తూరు దగ్గర పెయ్యదూడ సూది వేయించాం: ఏడాదిన్నర అనుభవం

మాది కాణిపాకం రోడ్డులో ఒక పల్లె. ఇంట్లో నాలుగు సీమావులు, రెండు హెచ్‌ఎఫ్ క్రాసు, రెండు జెర్సీ క్రాసు. చిత్తూరులో బీజెడ్‌సీ (బాటనీ, జువాలజీ, కెమిస్ట్రీ) డిగ్రీ చదివాను. పెళ్లయ్యాక పాడి పనే నా ఉద్యోగం అయింది. ఆడదూడలే పుట్టే సూది (ఆబోతును కలపకుండా ఆవుకు చూడి కట్టించేది) వేయించాలా, వద్దా, వేసే మనిషి ఎట్లాంటివాడై ఉండాలి అని చుట్టుపక్కల వాళ్లు ఫోన్ చేసి అడుగుతుంటారు. అందరికీ ముక్కలు ముక్కలుగా చెప్తున్నాను. ఒకచోట రాసి పెడితే పనికొస్తుంది.

ముందు పాత కథ చెప్పాలి. మా లచ్చి, అంటే పెద్ద జెర్సీ ఆవు, మూడేళ్ల కిందట నాలుగుసార్లు తిరగపొర్లింది, అంటే సూది నిలవక మళ్లీ మళ్లీ ఎదకు వచ్చింది. అప్పట్లో వేరే ఆయన వచ్చి సూది వేసేవాడు. బండి దిగుతూనే క్యాన్‌లోంచి స్ట్రా, అంటే సూదిమందు నింపి గడ్డకట్టించిన సన్నటి గొట్టం, తీసి చంకలో పెట్టుకునేవాడు. చల్లదనం పోవాలి కదమ్మా అనేవాడు. అట్లాగే ఫోన్‌లో ఎవరితోనో మాట్లాడుతూ కొట్టం దాకా నడిచేవాడు. ఒకసారి నేను లెక్కపెట్టాను, చంకలో అది ఐదు నిమిషాల పైనే ఉంది. నాలుగోసారి కూడా లచ్చి పొర్లేసరికి మా మామ, "మందు మంచిది కాదేమో, వేరే మందు వేయించండి" అన్నాడు.

ఆ మాట దగ్గరే నా మనసు ఆగిపోయింది. మా ఊళ్లో అందరూ దాన్ని మందే అంటారు. సూదిమందు. పొదుగువాపుకు వేసేదీ సూదిమందే, చూడి కట్టడానికి వేసేదీ సూదిమందే. మందనుకుంటే ఎండలో పెట్టినా, చంకలో పెట్టినా మనకు తప్పుగా తోచదు. కానీ స్ట్రాలో ఉండేది ప్రాణంతో ఉన్న శుక్రకణాలు. అవి చచ్చిపోతే, లోపలికి పోయేది ఉత్త నీళ్లతో సమానం.

పుస్తకాల్లో దీన్ని శుక్రకణం అంటారు, వీర్యకణం అని కూడా అంటారు. వీర్యం అంటే ఆబోతు నుంచి వచ్చే ద్రవం మొత్తం. ఆ ద్రవంలో ఈదేది కణం. జనం రెండింటినీ ఒకటే మాటతో పిలుస్తారు, అక్కడే పొరపాటంతా. పాలు పోసేవాళ్లకు ఇది చెప్పడం తేలిక. ఎన్ని లీటర్లు పోశామన్నది ఒక లెక్క, ఫ్యాట్ ఎంత వచ్చిందన్నది ఇంకో లెక్క. వీర్యం ఎంత ఉందన్నది లీటర్ల లెక్క, అందులో కదిలే కణాలు ఎన్ని ఉన్నాయన్నది ఫ్యాట్ లెక్క. చూడి కట్టేది రెండో లెక్కతోనే. మనుషుల రిపోర్టులో స్పెర్మ్ కౌంట్ అని రాసేది కూడా ఈ కణాల గురించే, మగతనం గురించి కాదు. వీర్యం అన్న మాటలో వీరత్వం వినబడుతుంది కాబట్టి కౌంట్ తక్కువని తెలిస్తే మగవాళ్లు తల దించుకుంటారు. అది కణాల సంఖ్య, అంతే.

ఇంగ్లీషు పేరు స్పెర్మటోజోవాన్. ఎక్కువ ఉంటే స్పెర్మటోజోవా. గ్రీకులో స్పెర్మా అంటే విత్తనం, జోవాన్ అంటే జంతువు. 1677లో హాలండ్‌లో బట్టల వ్యాపారం చేసుకునే లీవెన్‌హుక్ తను చేసుకున్న భూతద్దం కింద మొదటిసారి వాటిని చూసినప్పుడు, తోకలూపుతూ తిరిగే చిన్న చిన్న జంతువులనే అనుకున్నాడు. ఈ పేరు 1827లో ఫాన్ బేయర్ అనే శాస్త్రవేత్త పెట్టాడు. అది జంతువు కాదని, సగం క్రోమోజోములు (తల్లిదండ్రుల గుణాలు మోసే పోగులు) ఉన్న ఒక కణమని తర్వాత తేలింది, పేరు మాత్రం ఉండిపోయింది. ఆవుకు 60 క్రోమోజోములు, ఆబోతు శుక్రకణంలో 30. మనిషికి 46, శుక్రకణంలో 23. మన శుక్రం అన్న మాటకు తెల్లగా మెరిసేది అని అర్థం, చుక్కకు పెట్టిన పేరూ అదే. మామిడితోటలున్న వాళ్లకు ఒక మాట: పూతలో రాలే పుప్పొడిని శుక్రకణం అనరు. పుప్పొడి రేణువు ఒక డబ్బా లాంటిది, మగ బీజాలు దాని లోపల ఉంటాయి. వాటికి తోక ఉండదు, ఈదలేవు.

ఇప్పుడు అసలు విషయానికి వస్తాను. నిరుడు సంక్రాంతి ముందు నుంచి కొత్త అబ్బాయి వస్తున్నాడు. పాల కేంద్రం దగ్గర అడిగితే మా మండలంలో ఎవరైనా చెప్తారు. ఫోన్ చేయగానే మొదట అడిగేది, "ఎన్ని గంటలకు మొదలైంది అక్కా, తీగ ఎట్లా ఉంది?" అని. తీగ అంటే ఎదకు వచ్చిన ఆవు నుంచి జారే జిగురు. పొద్దున ఎదకు వస్తే సాయంత్రం వస్తాడు, సాయంత్రం వస్తే మరుసటి పొద్దున. తొందరపెట్టినా రాడు. కణాలు లోపలికి పోయాక కొన్ని గంటలు గడిస్తే గాని అండంలోకి దూరే శక్తి వాటికి రాదట. అండం విడుదలయ్యేది ఎద ముగిశాక ఎప్పుడో. అవి ముందే పోయి కాచుకుని ఉండాలి, మరీ ముందు పోతే అలిసిపోతాయి.

మొదటిరోజు పని చేస్తుంటే పక్కనే నిలబడి చూశాను. ఫ్లాస్కులో వేడినీళ్లు తెచ్చుకున్నాడు. గిన్నెలో పోసి, చన్నీళ్లు కలిపి, థర్మామీటర్ పెట్టి 37 డిగ్రీలకు తెచ్చుకున్నాడు. మేం కాచిచ్చిన నీళ్లు కూడా థర్మామీటర్ పెట్టకుండా వాడడు. ఆ తర్వాతే క్యాన్ మూత తీశాడు. లోపల ద్రవ నైట్రోజన్, మైనస్ 196 డిగ్రీలు. పొగ పైకి వస్తుంటే స్ట్రాలున్న గొట్టాన్ని క్యాన్ మెడ దాటనివ్వకుండా, చిన్న పటకారుతో ఒక్క స్ట్రా పట్టి నీళ్లలో వేశాడు. మిగతావి వెంటనే కిందికి పోయాయి. ఫోన్‌లో 30 సెకన్లు పెట్టాడు. తీసి టిష్యూతో తుడిచాడు, మళ్లీ తుడిచాడు. "చుక్క నీళ్లు తగిలినా కణాలు చస్తాయి అక్కా" అన్నాడు. స్ట్రా మీద అచ్చువేసిన ఆబోతు నెంబరు, జాతి, తేదీ నాకు చూపించి నోటుపుస్తకంలో రాసుకున్నాడు. చివర కత్తిరించి, సూది వేసే పొడవాటి కడ్డీలాంటి గన్‌లో ఎక్కించి, ఆవు దగ్గరికి నడిచేటప్పుడు గన్‌ని చొక్కా లోపల పెట్టుకున్నాడు. అది జనవరి పొద్దు, మంచు పడుతోంది. కరిగిన కణాలకు మళ్లీ చలి తగలకూడదని. పాతాయన చంకకు, ఈ చొక్కాకు ఉన్న తేడా అక్కడ నాకు అర్థమైంది. కరిగించడం నీళ్లలో, కొలతతో. చొక్కా కాపాడడానికి మాత్రమే.

పెయ్యదూడ సూదికి నా దగ్గర 800 రూపాయలు తీసుకున్నాడు, మామూలు సూదికి 150. ఎందుకంత తేడా అని అడిగితే కొట్టం గట్టు మీద కూర్చుని చెప్పాడు. శుక్రకణాల్లో సగం ఎక్స్ అనే క్రోమోజోము మోస్తాయి, సగం వై అనేది మోస్తాయి. ఎక్స్ కలిస్తే ఆడదూడ, వై కలిస్తే కోడెదూడ. ఎక్స్ ఉన్న కణంలో డీఎన్ఏ సుమారు 4 శాతం ఎక్కువ. డీఎన్ఏకి అంటుకునే రంగు వేసి లేజరు కాంతి ముందు నుంచి ఒక్కొక్క కణాన్ని పంపిస్తే, ఎక్స్ ఉన్నది కొంచెం ఎక్కువ మెరుస్తుంది. మెరిసినదాన్ని ఒక పక్కకు తోస్తారు. ఇంత పని ఉంది కాబట్టే ధర. ఇంకో సంగతి కూడా దాచకుండా చెప్పాడు. మామూలు స్ట్రాలో 2 కోట్ల కణాలు ఉంటాయి, దీంట్లో 20 లక్షల దాకానే. వడపోతలో నలిగి వచ్చినవి కాబట్టి చూడి కట్టే అవకాశం తక్కువ. కడితే పదిలో తొమ్మిది పెయ్యలు, పదికి పది కాదు.

అప్పుడు మా అత్త పక్కనే కూర్చుని అనపకాయలు వలుస్తోంది. "అయితే పెయ్యో కోడో ఆవు చేతిలో ఏమీ లేదా నాయనా?" అని అడిగింది.

"లేదవ్వా. ఆవు అండంలో ఎప్పుడూ ఎక్స్ ఒక్కటే ఉంటుంది. తేల్చేది ఆబోతు కణమే."

"మనుషుల్లోనో?"

"మనుషుల్లోనూ అంతే."

అత్త ఇంకేమీ అడగలేదు. చేటలో గింజలు అటూ ఇటూ జరుపుతూ కూర్చుంది. నాకు ఇద్దరూ ఆడపిల్లలే. రెండోది పుట్టినప్పుడు ఆసుపత్రిలో ఏమేం మాటలు పడ్డానో ఇక్కడ రాయను. బీజెడ్‌సీ చదివిన నేను అదే ముక్క అప్పుడు చెప్పాను, ఎవరూ వినలేదు. ఆవు కొట్టంలో ఆ అబ్బాయి చెప్తే విన్నారు. సరే, విన్నారు కదా. (కోళ్లలో మాత్రం లెక్క తారుమారు. పిల్ల పెట్టో పుంజో తేల్చేది తల్లి పెట్టే గుడ్డు.)

ఫలితం చెప్తాను. లచ్చి కాక మిగతా మూడు ఆవులు గౌరి, సీత, బుజ్జి. గౌరికి మొదటి సూది నిలవలేదు, 21వ రోజు మళ్లీ ఎదకు వచ్చింది. రెండోది నిలిచింది. నవంబరులో పెయ్య పుట్టింది, నొసట తెల్ల మచ్చ. సీతకు ఒక్క సూదితో కట్టింది, ఫిబ్రవరిలో పెయ్య. బుజ్జికి రెండుసార్లు వేయించినా కట్టలేదు. మూడోసారి అబ్బాయే ఆపి మామూలు సూది వేశాడు, ఇప్పుడు చూడితో ఉంది. మొత్తం ఐదు సూదులు, 4000 రూపాయలు, రెండు పెయ్యలు. నాకు గిట్టుబాటే. కోడెదూడ పుడితే ఏం చేయాలో ఈ కాలంలో ఎవరికీ తెలియదు, సేద్యమంతా ట్రాక్టరే. సంతకు తోలిన రోజు మా ఇంట్లో ఎవరూ సరిగ్గా అన్నం తినరు.

లచ్చికి మాత్రం పెయ్యదూడ సూది వేయనన్నాడు. తిరగపొర్లే ఆవు, వయసైన ఆవు, దీనికి డబ్బు పోయించను అక్కా అన్నాడు. నేను ఇస్తానన్న 800 వద్దని, మండల పశువైద్యశాలలో చూపించమన్నాడు. ఈ అబ్బాయి మీద నాకు నమ్మకం కుదిరింది ఆరోజే.

ఆ ఆసుపత్రిలోనే డాక్టరమ్మ మైక్రోస్కోపు చూపించింది. పరీక్ష కోసం కరిగించిన స్ట్రాలోంచి ఒక చుక్క, గోరువెచ్చని అద్దం మీద. డిగ్రీలో ఈ కణాన్ని బొమ్మగా ఎన్నోసార్లు గీశాను, తల, మధ్యభాగం, తోక అని గీతలు పెట్టి పేర్లు రాశాను. కదులుతుంటే చూడడం అదే మొదటిసారి. కోడిగుడ్డు సొన, గ్లిజరాల్ కలిపిన ద్రవంలో నిల్వ చేస్తారట, గడ్డకట్టేటప్పుడు మంచు ముక్కలు కణాన్ని చీల్చకుండా. ఆ మసక మధ్యలో కొన్ని బాణంలా ముందుకు పోతున్నాయి, కొన్ని ఉన్నచోటే గుండ్రంగా తిరుగుతున్నాయి, చాలా కదలకుండా పడి ఉన్నాయి. "ముందుకు పోయేవే లెక్కలోకి వస్తాయి" అంది ఆమె. కరిగించాక సగమైనా బతికి ఉండాలట. కన్ను తీయబుద్ధి కాలేదు. లచ్చికి నాలుగుసార్లు వేసిన ఆ స్ట్రాల్లో ఎన్ని కదిలి ఉంటాయో అని అక్కడే అనిపించింది. ఆవును తిట్టుకున్నాం, మేత మార్చాం, దిష్టి తీశాం.

ఈ సేవలో లోటుపాట్లు కూడా ఉన్నాయి. ఆదివారం ఫోన్ ఎత్తడు, ఆవుకు ఆదివారమని తెలియదు కదా. రసీదు ఇవ్వడు. నోటుపుస్తకం ఆయన దగ్గరే ఉంటుంది. నేను పట్టుబట్టి ఖాళీ స్ట్రాలు అడిగి తీసుకుని, క్యాలెండరులో ఆ తేదీ పక్కన అంటించుకుంటున్నాను. పెయ్యదూడ స్ట్రాలు అప్పుడప్పుడు అయిపోతాయి, ముందురోజు అడిగి పెట్టుకోవాలి. మూడు నెలలకు చూడి పరీక్షకు వస్తానని చెప్పి సీత విషయంలో మూడుసార్లు ఫోన్ చేయించాడు. పక్క వీధి వదినకు పెయ్యదూడ సూదికి కోడె పుట్టింది. ఆమె ఇప్పటికీ డబ్బులు వాపసు ఇవ్వమంటోంది. పదిలో ఒకటి అట్లా అవుతుందని ఆమెకు ముందే కూర్చోబెట్టి చెప్పి ఉండాల్సింది. నాకు చెప్పినంత ఓపికగా అందరికీ చెప్పడం లేదని నా అనుమానం.

అయినా ఐదుకు నాలుగు ఇస్తాను. మీ దగ్గరికి వేరే ఎవరు వచ్చినా సరే, నీళ్లలో థర్మామీటర్ పెట్టమనండి, స్ట్రా మీద నెంబరు చూపించమనండి, తుడవమనండి. మందు అనకుండా కణం అని అడిగి చూడండి, అవతలి మనిషి చేతులు కాస్త జాగ్రత్త పడతాయి. మా మామ కూడా ఇప్పుడు మందు అనడం మానేశాడు, "బీజం బతికుందా నాయనా?" అని అడుగుతున్నాడు. మాట పుస్తకంలోది కాకపోయినా అడిగింది సరైనదే.

డాక్టరమ్మ గర్భసంచి కడిగి మందులు ఇచ్చాక లచ్చికి మామూలు సూది వేయించి ఈరోజుకు 19 రోజులు. ఎల్లుండి తెల్లవారుజామున ఒకసారి, పాలు పిండాక ఒకసారి, చీకటి పడే ముందు ఒకసారి తోక ఎత్తి చూడాలి.