ఎలియా నుంచి స్టాగిరా దాకా: ‘ఉండటం’ అంటే ఏమిటని అడిగినవాళ్ల ఊళ్లు

గ్రీకు తత్వవేత్తల ఊళ్లు చూడాలనుకుంటే మొదట వెళ్లాల్సింది గ్రీస్‌కి కాదు, ఇటలీకి. ఈ ప్రయాణం ప్లాన్ చేసుకునేవాళ్లు చాలామంది ఏథెన్స్‌తో మొదలుపెట్టి అక్కడే ముగించేస్తారు కాబట్టి ముందే చెప్పేస్తున్నా. మీకు ఒక్కచోటికే వెళ్లే వీలుంటే దక్షిణ ఇటలీలోని వెలియాకి వెళ్లండి. పాత పేరు ఎలియా. పార్మెనిడీస్, ఆయన శిష్యుడు జీనో ఆ ఊరివాళ్లే. "ఉన్నది అంటే ఏమిటి" అనే ప్రశ్నని వదలకుండా పట్టుకున్న మొదటి ఊరు అదే అని నా నమ్మకం. ఆ తర్వాత ప్లేటో, అరిస్టాటిల్ చేసినదంతా ఒకరకంగా పార్మెనిడీస్‌కి జవాబు చెప్పే ప్రయత్నమే.

వీసా సంగతి క్లుప్తంగా. ఇటలీ, గ్రీస్ రెండూ షెంగెన్ దేశాలే, ఒక్క వీసా చాలు. ఎక్కువ రోజులు ఎక్కడ ఉంటారో ఆ దేశానికి అప్లై చేయాలి. 2024 జూన్ నుంచి పెద్దవాళ్లకి ఫీజు 90 యూరోలు, సెంటర్ వాళ్ల సర్వీస్ ఛార్జీ అదనం. కనీసం 30,000 యూరోల కవరేజీ ఉన్న ట్రావెల్ ఇన్సూరెన్స్ తప్పనిసరి. వేసవి ప్రయాణమైతే అపాయింట్‌మెంట్ దొరకడమే పెద్ద టెన్షన్, కొన్ని నెలల ముందే చూసుకోండి.

వెలియాకి దిగాల్సిన స్టేషన్ అషేయా, నేపుల్స్ నుంచి రీజనల్ రైల్లో సుమారు రెండు గంటలు. పేపర్ టికెట్ కొంటే ఎక్కేముందు ప్లాట్‌ఫాం మీది మెషీన్‌లో స్టాంపు కొట్టించుకోవాలి, లేకపోతే ఫైన్ పడుతుంది. స్టేషన్ నుంచి తవ్వకాల దగ్గరికి నడిస్తే అరగంటకి పైనే పడుతుంది. టాక్సీలు ఉన్నాయనే పేరే గానీ పిలిస్తే రావు, అందుకే మీరు దిగే ఇంటివాళ్లనే దింపమని అడగడం మంచిది. అషేయా మెరీనాలో సముద్రం ఒడ్డున హోటళ్లు చాలానే ఉన్నాయి. మేం మాత్రం కొండ వైపు ఒక రైతు కుటుంబం తమ పొలంలోనే నడిపే బసలో దిగాం. అలాంటివాటిని అక్కడ అగ్రిటూరిజ్మో అంటారు. గది సాదాసీదాగా ఉంది, వైఫై వస్తూ పోతూ ఉండేది, కానీ భోజనం గురించి ఎంత చెప్పినా తక్కువే. శాకాహారులం అని చెబితే మొహం చిట్లించకుండా శనగలు వేసి వండిన వెడల్పాటి పాస్తా పెట్టారు. ఆ ప్రాంతపు పాత వంటకం అది, పేరు లగానె ఎ చెచి. మధ్యధరా ఆహారం మీద పరిశోధన చేసి ప్రపంచానికి చెప్పిన అమెరికన్ శాస్త్రవేత్త ఆన్సెల్ కీస్ ఏళ్ల తరబడి ఇక్కడికి దగ్గర్లోని పియోప్పిలోనే ఉన్నాడు. తన ఇంటికి అమెరికా ఊరు మినియాపోలిస్, ఎలియా కలిపి మినెలియా అని పేరు పెట్టుకున్నాడట. ఆయన నూరేళ్లు బతికాడు.

ఇక వెలియా. పర్షియన్లకి లొంగడం ఇష్టంలేక ఆసియా మైనర్ తీరంలోని ఫోకేయా వదిలి ఓడలెక్కిన జనం క్రీ.పూ. 540 ప్రాంతంలో కట్టుకున్న రేవు పట్టణం ఇది. ఇప్పుడు రేవు లేదు. నదులు తెచ్చిన మట్టి పేరుకుని సముద్రం దూరంగా జరిగిపోయింది. ఒకప్పుడు ఓడలు ఆగిన చోట గడ్డి, పొలాలు. కొండ మీద పాత గుడి పునాదుల పైనే మధ్యయుగాల్లో కట్టిన బురుజు ఉంది, అక్కడ నిలబడితే తీరం ఎంత జరిగిందో కంటితోనే తెలుస్తుంది. మార్పు అనేది అసలు సాధ్యమే కాదని వాదించిన మనిషి ఊరు ఇది!

పార్మెనిడీస్ చెప్పింది చదవని వాళ్ల కోసం రెండు ముక్కలు. ఉన్నది ఉంది. లేనిది లేదు, దాన్ని తలచుకోనూ లేం, చెప్పనూ లేం. ఉన్నది పుట్టిందంటే దేనిలోంచి పుట్టింది? లేనిదానిలోంచి ఏదీ రాదు. కాబట్టి దానికి పుట్టుక లేదు, నాశనం లేదు, కదలిక లేదు, ముక్కలు లేవు. గుండ్రటి గోళంలా అన్ని వైపులా నిండుగా ఉంటుంది. గీత రెండో అధ్యాయంలో "నాసతో విద్యతే భావో నాభావో విద్యతే సతః" (లేనిదానికి ఉనికి లేదు, ఉన్నదానికి లేకపోవడం లేదు) చదివినవాళ్లకి మొదటి మెట్టు పరిచయంగానే ఉంటుంది, కానీ అక్కడి నుంచి ఆయన వెళ్లే దారి వేరు. తన కావ్యంలో ఇదంతా ఒక దేవత నోట చెప్పించినా, నమ్మమని కాదు, తర్కంతో తేల్చుకోమని ఆ దేవతే అంటుంది. నాకు అన్నిటికన్నా నచ్చేది అదే.

సైట్‌లో అందరూ చూసేది పోర్తా రోజా, కొండ కనుమలో నిలిచిన రాతి కమాను. 1964లో పురావస్తు శాస్త్రవేత్త మారియో నాపొలి దాన్ని వెలికితీశాడు, ఆయన భార్య పేరే దానికి పెట్టారు. పార్మెనిడీస్ తన కావ్యం మొదట్లో రాత్రి, పగలు దారుల దగ్గర ఒక మహాద్వారం గురించి రాశాడు, అది ఇదే అని ఊరివాళ్లు ఇష్టంగా చెబుతారు. కానీ కమాను క్రీ.పూ. 4వ శతాబ్దానిది, ఆయన తర్వాతి కాలం. అయినా చూసి తీరాలి, సున్నం లేకుండా రాయికి రాయి ఆనించి ఇన్ని శతాబ్దాలు నిలబెట్టారు. అప్పుడప్పుడు ఆ దారి మూసేస్తుంటారు, వెళ్లేముందు కనుక్కోండి. నన్ను ఎక్కువసేపు ఆపింది మాత్రం కింద పట్టణంలోని ఇటుకలు. చదరంగా, మందంగా ఉంటాయి, ఒక్కోదానికి పొడవాటి గాడులు, కొన్నింటి మీద అవి పట్టణం తరఫున చేయించినవని చెప్పే రెండక్షరాల ముద్ర. ఇలాంటి ఇటుకలు ఈ ఊరి ప్రత్యేకత. వంగి దగ్గరగా చూస్తే ముద్ర వేసినప్పుడు పచ్చి మట్టి పక్కకి పొంగిన గుర్తు కూడా కనిపిస్తుంది.

ఇక్కడి లోపాలు కూడా చెప్పాలి. బోర్డులు తక్కువ, ఉన్నవాటిలో కొన్ని వెలిసిపోయాయి. నీడ దాదాపు లేదు, నీళ్లు మీరే మోసుకెళ్లాలి. గైడ్ కావాలంటే ముందుగా మాట్లాడుకోవాలి. పెస్తుం అనే మరో పాత గ్రీకు ఊరి గుళ్లు, వెలియా ఒకే పార్కు కిందికి వస్తాయి, కలిపి టికెట్ కొనుక్కుంటే లాభం. 1998లో యునెస్కో జాబితాలో చేర్చింది కూడా రెండిటినీ కలిపే. పెస్తుంలో జనం కిటకిటలాడుతుంటారు, వెలియాలో మేం ఉన్నంతసేపూ మనుషులు వేళ్ల మీద లెక్కపెట్టేంత మందే.

నేపుల్స్ నుంచి ఏథెన్స్‌కి విమానం. ఎయిర్‌పోర్ట్ నుంచి మెట్రో మూడో లైను నేరుగా ఎవాంగెలిస్మోస్ స్టేషన్‌కి తీసుకెళ్తుంది, అక్కడ దిగి కొంచెం నడిస్తే అరిస్టాటిల్ పాఠాలు చెప్పిన లైసియం. బస పాంగ్రాటి పేటలో చూసుకోండి. టూరిస్టుల పేట ప్లాకా కన్నా చవక, లైసియంకి నడక దూరం, ఊరివాళ్లు తినే హోటళ్లు ఉంటాయి. ‘నిస్తిసిమా’ అంటే ఉపవాస వంటలు, వాటిని అడిగితే మాంసం, పాలు లేనివి చూపిస్తారు. టమోటా రసంలో ఉడికించి ఓవెన్‌లో పెట్టే పెద్ద చిక్కుడు గింజలు నాకు తెగ నచ్చాయి. గ్రీస్‌లో గది అద్దె కాకుండా రాత్రికి ఇంత అని ప్రభుత్వ పర్యావరణ రుసుము చెక్-ఇన్ దగ్గర కట్టాలి, బుకింగ్‌లో చూపించిన మొత్తంలో అది ఉండకపోవచ్చు. మా అపార్ట్‌మెంట్ యజమాని ఈ విషయం ముందు చెప్పకపోగా ఏసీకి విడిగా డబ్బు అడిగాడు. రాతపూర్వకంగా ముందే అడిగి పెట్టుకోవడం మేలు.

లైసియం గురించి రివ్యూలు చూస్తే "ఏమీ లేదు, రాళ్లే" అని ఒకటే మాట. అది అన్యాయం అనిపిస్తుంది నాకు. 1996లో ఒక మ్యూజియం కోసం తవ్వుతుంటే బయటపడిన చోటు ఇది, 2014లో జనానికి తెరిచారు. మోకాలెత్తు గోడలు, కుస్తీ నేర్పిన వ్యాయామశాల మధ్య ఖాళీ, ఒక మూల స్నానపు తొట్టె. చుట్టూ లావెండర్, రోజ్‌మేరీ పెంచుతున్నారు, గాలి వీస్తే వాసన వస్తుంది, పక్క రోడ్డు మీది ట్రాఫిక్ మోత కూడా వస్తుంది. అరిస్టాటిల్ ఏథెన్స్ పౌరుడు కాడు, ఇక్కడ నేల కొనే హక్కు ఆయనకి లేదు. అందుకే క్రీ.పూ. 335లో తిరిగొచ్చినప్పుడు అందరూ వాడుకునే ఈ వ్యాయామశాలలోనే పాఠాలు మొదలుపెట్టాడు. క్రీ.పూ. 323లో అలెగ్జాండర్ చనిపోయాక ఊరు వదిలాడు, మరుసటి ఏడాది ఖాల్కిస్ అనే ఊళ్లో కన్నుమూశాడు.

వెళ్లేముందు అరిస్టాటిల్ రాసిన మెటాఫిజిక్స్‌లో ఏడో పుస్తకం చివరి అధ్యాయం ఒక్కటి చదువుకోండి, కొన్ని పేజీలే. ద్రవ్యం, అంటే ఒక వస్తువుని ఆ వస్తువుగా నిలిపేది, ఏమిటన్నదే అక్కడి ప్రశ్న. "బా" అనే అక్షరం "బ్", "ఆ" రెండే కాదంటాడు. ఆ రెండూ విడిపోయాక అవి ఉంటాయి, అక్షరం ఉండదు. ఇటుకలు, రాళ్లు ఎందుకు ఇల్లయ్యాయి అని అడిగితే జవాబు ఇంకో ఇటుక కాలేదు, వాటిని ఇల్లుగా నిలిపే రూపం, అది ఎందుకోసం ఉందో ఆ కారణం, అదే జవాబు. ఇప్పుడు ఆ మోకాలెత్తు గోడల ముందు నిలబడండి. రాళ్లు ఉన్నాయి. వ్యాయామశాల ఉందా? మేం ఇద్దరం బెంచీ మీద కూర్చుని దీని మీదే వాదించుకున్నాం. ఆయన లెక్కలో లేదనే చెప్పాలని నేను, ప్లాన్ చూసి ఇది ఫలానా గది అని గుర్తుపట్టగలుగుతున్నామంటే రూపం కొంతైనా మిగిలినట్టే కదా అని మా అన్నయ్య. ఏథెన్స్ నడిమధ్య కొండ మీది పాత కోట ఆక్రొపోలిస్ టికెట్ 2025 ఏప్రిల్ నుంచి 30 యూరోలు అయింది, దాంతో పోలిస్తే దీని టికెట్ చాలా తక్కువ. అయినా నాకు ఎక్కువ దక్కింది ఇక్కడే.

ప్లేటో బడి నడిపిన తోట అకాడమీకి ఏథెన్స్ పాత పేట కెరామైకోస్ నుంచి నడిచి వెళ్లమంటాను, ఒకటిన్నర కిలోమీటర్ పైన ఉంటుంది. ఎందుకంటే ప్లేటో ‘పార్మెనిడీస్’ సంభాషణలో ముసలి పార్మెనిడీస్, నడివయసు జీనో పండగకి ఏథెన్స్ వచ్చి దిగింది కెరామైకోస్‌లో, కోట గోడ అవతల. అక్కడే కుర్ర సోక్రటీస్ వచ్చి రూపాల సిద్ధాంతం (మనకి కనిపించే వస్తువులు ఎప్పటికీ మారని రూపాల పోలికలే అన్నది) చెబితే పార్మెనిడీస్ ఒక్కో ప్రశ్నతో దాన్ని విప్పేస్తాడు. అంటే ప్లేటో తన సిద్ధాంతం మీద అతి గట్టి దెబ్బని తన పుస్తకంలోనే, ఆ ఎలియా పెద్దాయన చేత కొట్టించాడు. ఎంత నిజాయితీ కావాలి దానికి! అకాడమీ ఇప్పుడు మామూలు పేటలో ఒక పార్కు, టికెట్ లేదు, పిల్లలు బంతి ఆడుతుంటారు, చెట్ల మధ్య పునాదులు. చిన్న డిజిటల్ మ్యూజియం కూడా ఉంది, పిల్లలతో వెళ్తే బావుంటుంది. చూడటానికి లైసియం కన్నా తక్కువే, చీకటిపడ్డాక వెళ్లొద్దు.

క్రీ.శ. 529లో జస్టినియన్ చక్రవర్తి ఆజ్ఞతో మూతపడింది ఈ తోటలోని బడి కాదు. అప్పటి ప్లేటో అనుయాయులు ఆక్రొపోలిస్ దక్షిణం వైపు ఉండేవారు. వాళ్లలో చివరి తరం కొందరు పర్షియా రాజు ఆశ్రయానికి వెళ్లారు, అందులో సింప్లీషియస్ ఒకడు. తిరిగొచ్చాక అరిస్టాటిల్ ‘భౌతికశాస్త్రం’ పుస్తకానికి వ్యాఖ్యానం రాస్తూ, పార్మెనిడీస్ పుస్తకం దొరకడం అరుదైపోయిందని చెప్పి పంక్తులకి పంక్తులు ఎత్తి రాశాడు. ఈ రోజు మనకి ఆ కావ్యంలో ముఖ్యమైన భాగం మిగలడానికి కారణం అదే. ఆక్రొపోలిస్ కింద డియోనిసియు ఏరియోపాగిటు వీధిలో నడిచేటప్పుడు సింప్లీషియస్‌ని ఒకసారి తలచుకోండి.

చివరిది స్టాగిరా, అరిస్టాటిల్ పుట్టిన ఊరు, థెస్సలొనీకికి సుమారు 100 కిలోమీటర్లు. బస్సులు ఉన్నాయి కానీ తక్కువ, కారు తీసుకోవడం నయం. ఇండియన్ లైసెన్స్‌తో పాటు ఇంటర్నేషనల్ పర్మిట్ కావాలి, డిపాజిట్ పట్టుకోవడానికి చాలాచోట్ల క్రెడిట్ కార్డే అడుగుతారు, డెబిట్ కార్డు చెల్లదు. పాత స్టాగిరా ఒలింపియాడా పల్లెకి దగ్గర్లో, సముద్రంలోకి పొడుచుకొచ్చిన కొండ మీద ఉంది. కోట గోడలు, రాతి బాటలు, రెండు పక్కలా నీళ్లు. అందం మాటకొస్తే ఈ ప్రయాణంలో దీనికి సాటి లేదు. 2016లో ఇక్కడ తవ్విన కోన్‌స్టాన్‌టినోస్ సిస్మానిడిస్ అనే పురావస్తు శాస్త్రవేత్త ఒక గుర్రపు నాడా ఆకారపు కట్టడం అరిస్టాటిల్ సమాధి అని ప్రకటించాడు. దానికి తిరుగులేని ఆధారం లేదు, అలా చెప్పే బోర్డు కనిపించినా నమ్మి ఫోటో పెట్టేయకండి. కొత్త స్టాగిరా ఊరు వేరు, కొండ మీద ఉంటుంది. అక్కడి అరిస్టాటిల్ పార్కులో లోలకం, పట్టకం, సూర్య గడియారం లాంటివి పిల్లలు చేత్తో తాకి ఆడుకోవచ్చు. పిల్లలు లేకపోతే దాన్ని వదిలేసి ఆ పూట కూడా పాత స్టాగిరాలోనే గడపండి. రాత్రికి ఒలింపియాడాలోనే గది తీసుకుంటే పొద్దున్నే ఎండ ఎక్కకముందే కొండెక్కొచ్చు. గ్రీస్‌లో వడగాలుల రోజుల్లో మధ్యాహ్నం సైట్లు మూసేస్తుంటారు కాబట్టి జూలై, ఆగస్టు వద్దు, సెప్టెంబర్ చివరి వారాలు చూసుకోండి.