స్మార్ట్ టాయిలెట్టా, స్మార్ట్ సీటా, జెట్ స్ప్రేనా? మన బోరు నీళ్లకు ఏది మేలు?

మహబూబ్‌నగర్‌లో మా ఆడబిడ్డ వాళ్ల గృహప్రవేశానికి వెళ్లిన చుట్టాలంతా దేవుడి గది కంటే బాత్రూం దగ్గరే ఎక్కువసేపు నిలబడ్డారు. దగ్గరికి వెళ్తే కమోడ్ మూత దానంతటదే లేస్తోంది, పని కాగానే ఫ్లష్ అదే కొడుతోంది. "వదినా, ఇంక బ్రష్ పట్టుకునే పనే లేదు" అంది ఆడబిడ్డ. ఏడాదిన్నర తర్వాత మా నల్లగొండ ఇంట్లో కింది బాత్రూం మార్చాల్సి వచ్చినప్పుడు ఆ మాటే గుర్తొచ్చింది. మా ఇంట్లో బ్రష్ పట్టుకునేది నేనే మరి.

మార్చాల్సి వచ్చింది మా అత్తమ్మ కోసం. ఆమె పుట్టింది మర్రిగూడ వైపు. చిన్నప్పటి నుంచి తాగిన ఫ్లోరైడ్ నీళ్లకు నడుము, మెడ బిగుసుకుపోయాయి, చెయ్యి వెనక్కి పోదు. జెట్ స్ప్రే పక్కనే ఉన్నా ఆమెకు లేనట్టే లెక్క. అలాగని ఇంకొకరి సాయం అడగాలంటే ఆమెకు ప్రాణం పోయినట్టుంటుంది. కాబట్టి నాజిల్‌తో, అంటే సీటు కింద నుంచి బయటికొచ్చి నీళ్లు చిమ్మే సన్నటి గొట్టంతో, కడిగేది ఏదో ఒకటి తేవాలి. మొత్తం స్మార్ట్ టాయిలెట్ తేవాలా, మామూలు కమోడ్ మీద ఎలక్ట్రానిక్ సీటు బిగిస్తే చాలా అన్నదే తేలాల్సింది.

ముందు ఆ సెల్ఫ్ క్లీనింగ్ సంగతి చెప్తాను. మనిషి కూర్చోగానే గిన్నె లోపల సన్నగా నీళ్లు చల్లుతుంది. తడిగా ఉన్న గిన్నెకు మురికి అంత తేలిగ్గా అంటుకోదు. ఫ్లష్ నీళ్లు సుడి తిరుగుతూ గిన్నెంతా కడుగుతాయి. అంచు కింద మడత ఉండదు కాబట్టి పాచి దాక్కునే చోటు లేదు. నాజిల్ బయటికి వచ్చే ముందు ఒకసారి, లోపలికి పోయేటప్పుడు ఒకసారి తనను తాను కడుక్కుంటుంది. ఖరీదైన వాటిలో, నీళ్లలో ఉండే క్లోరైడ్‌ను కరెంటుతో మార్చి, క్రిములను చంపే క్లోరిన్ నీళ్లుగా చల్లే ఏర్పాటు కూడా ఉంటుంది. జపాన్‌లో టోటో కంపెనీ 1980లో వాష్‌లెట్ సీటు తెచ్చినప్పటి నుంచి పెరుగుతూ వచ్చిన పనితనం ఇది. నిజంగానే పనిచేస్తుంది. కానీ అది కడిగేది గిన్నె లోపలి భాగాన్నీ, నాజిల్‌నీ. సీటు అడుగు, మూత బిగించిన మూలలు, వెనక గోడ, గచ్చు ఎప్పటిలాగే మన చేతికే వస్తాయి.

మొన్న సంక్రాంతికి ఆడబిడ్డ ఇంటికి వెళ్తే నాజిల్ నీళ్లు పక్కకు చిమ్ముతున్నాయని చెప్పింది. క్లీనింగ్ బటన్ నొక్కి నాజిల్ బయటికి రప్పించి, ఫోన్ లైటు వేసి చూశాం. కొనంతా తెల్లగా సున్నం పేరుకుని, రంధ్రాలు కొన్ని సగానికి పైగా మూసుకుపోయి ఉన్నాయి. పాత గీజర్ కాయిల్ మీద గట్టే పొర చూసుంటారు కదా, అదే. పాత టూత్‌బ్రష్‌ను నిమ్మ ఉప్పు కలిపిన నీళ్లలో ముంచి రుద్దితే అరగంటకు దారికొచ్చింది. నీళ్లు లోపలికి పోయే చోట ఉండే చిన్న జాలీ తీస్తే అందులో ఇసుక. వాళ్లది బోరు నీళ్లే.

మన దగ్గర నీళ్లు అనగానే ఫ్లోరైడే గుర్తొస్తుంది. అది మనుషులకు చేటు. టాయిలెట్‌ను పాడుచేసేది మాత్రం నీళ్ల కఠినత్వం, అంటే నీళ్లలో కరిగి ఉండే సున్నం లాంటి లవణాలు. తాగే నీళ్లలో అది లీటరుకు 200 మిల్లీగ్రాములు దాటకూడదని, వేరే గతి లేకపోతే 600 దాకా పర్వాలేదని బీఐఎస్ (భారతీయ ప్రమాణాల సంస్థ) ప్రమాణం. మన బోరు నీళ్లు వేడి చేసిన ప్రతి గిన్నె అడుగునా తెల్లపొర కనిపిస్తుంది. సున్నం మరక పోవాలంటే మనకు తెలిసిన మందు యాసిడ్. స్మార్ట్ టాయిలెట్‌కు అదే పడదు. ఆ ఆవిరికి లోపలి సర్క్యూట్లు, ప్లాస్టిక్ భాగాలు దెబ్బతింటాయి.

తర్వాత ప్రెషర్. ట్యాంకు 10 అడుగుల ఎత్తున ఉంటే 0.3 బార్ (నీళ్ల ప్రెషర్‌ను కొలిచే లెక్క) మాత్రమే వస్తుంది. సొంత ట్యాంకు లేని స్మార్ట్ టాయిలెట్లకు అది చాలదు, ప్రెషర్ పంపు పెట్టుకోవాలి. కరెంటు పోతే పంపూ ఆగుతుంది, మూతా లేవదు. కొన్నిట్లో చేత్తో కొట్టే ఫ్లష్ బటన్ ఉంటుంది, లేకపోతే బకెట్ నీళ్లు ధారగా పోయడమే. నీళ్లను అప్పటికప్పుడు వేడి చేసే మోడళ్లు 1,200 వాట్లు పైనే లాగుతాయి, ఇంట్లో ఉండే మామూలు ఇన్వర్టర్ మీద నడవవు. నిజానికి మనకు ఆ వేడి పెద్దగా అక్కర్లేదు. మే నెలలో మేడ మీద ట్యాంకు నీళ్లు కాళ్ల మీద పోసుకుంటేనే చురుక్కుమంటాయి. చల్లబరిచే బటన్ ఉంటే కొనేదాన్ని.

వీటన్నిటికంటే నన్ను భయపెట్టింది రిపేరు. స్మార్ట్ టాయిలెట్‌లో బోర్డు పోతే మనిషి హైదరాబాద్ నుంచి రావాలి, ఆడబిడ్డ వాళ్లకు ఒకసారి తొమ్మిది రోజులు పట్టింది. సీటయితే రెండు నట్లు విప్పి పక్కన పెట్టి, పాత సీటు బిగిస్తే కమోడ్ మళ్లీ కమోడే. ఫ్లష్ ట్యాంకుకు కరెంటుతో పనే లేదు. జెట్ స్ప్రే ఎలాగూ వీధి చివరి హార్డ్‌వేర్ షాపులో దొరుకుతుంది. పని కాగానే దాని నల్లా కట్టేయండి, లేకపోతే ఏదో రోజు పైపు పగిలి ఇల్లు చెరువవుతుంది.

మేం సీటే తెచ్చాం, జెట్ స్ప్రే తీయలేదు. మూత లేవడం, ఆటోమేటిక్ ఫ్లష్ లాంటి షోకులు పోయాయి, గిన్నె నేనే కడుగుతున్నాను. సీటు మాత్రం బోరు నీళ్ల జోలికి పోదు. మేడ మీద 200 లీటర్ల డ్రమ్ము పెట్టి, మిషన్ భగీరథ మంచినీళ్ల నల్లా వచ్చినప్పుడు నింపి, అక్కడి నుంచి విడిగా పైపు దింపాం. 25 అడుగుల ఎత్తు కాబట్టి 0.7 బార్ దాటుతుంది, డబ్బా మీద రాసిన కనీస ప్రెషర్‌కు సరిపోయింది. ఎర్త్ ఉన్న సాకెట్ కమోడ్‌కు దూరంగా, ఎత్తులో పెట్టించి, కరెంటు లీకైతే వెంటనే సరఫరా ఆపేసే 30 మిల్లీ ఆంపుల ఆర్సీసీబీ స్విచ్ వేయించాం. స్నానం కూడా అదే గదిలో చేస్తాం కదా, మధ్యలో ప్లాస్టిక్ తెర కట్టాం. సీటు మీద చెంబుతో నీళ్లు కుమ్మరించొద్దని మావారికి చెప్పడానికే వారం పట్టింది.

రిమోట్ మీద అన్నీ ఇంగ్లీషు అక్షరాలే. అత్తమ్మకు కావాల్సినవి రెండే బటన్లు. కడిగే దాని మీద ఆకుపచ్చ బొట్టుబిళ్ల, ఆపే దాని మీద ఎర్రది అతికించాను. ఎర్రది తడికి ఊడిపోతూ ఉంటుంది. ఆమే తన అద్దం మీద నుంచి ఇంకోటి తెచ్చి అంటిస్తుంది.