గిబ్స్‌ల్యాండ్ మ్యూజియం: బానీ కోసమైనా వెళ్లి చూడండి

డాలస్ నుంచి ఐ-20 హైవే మీద తూర్పుగా వెళ్తే, ష్రీవ్‌పోర్ట్ దాటిన ముప్పావు గంటకి లూసియానాలోని గిబ్స్‌ల్యాండ్ వస్తుంది. చాలా చిన్న ఊరు. ఇక్కడి బానీ అండ్ క్లైడ్ యాంబుష్ మ్యూజియం ఒకప్పుడు కాన్‌ఫీల్డ్ అనే ఆవిడ నడిపిన కెఫే. బానీ, క్లైడ్ 1930ల్లో బ్యాంకులు, షాపులు దోచుకుంటూ తిరిగిన దొంగల జంట. 1934 మే 23 పొద్దున ఆ ఇద్దరూ ఇక్కడే శాండ్‌విచ్‌లు కొనుక్కుని బయల్దేరారు. ఊరికి దక్షిణాన 154 రోడ్డు పక్కన పొదల్లో కాపు కాసిన ఆరుగురు పోలీసులు వాళ్లని కాల్చేశారు. ఆ ఆరుగురిలో ఒకరైన టెడ్ హింటన్ కొడుకు బూట్స్ చాలా ఏళ్లు ఈ మ్యూజియాన్ని చూసుకున్నారు.

తుపాకులంటే ఇష్టమున్నవాళ్లకి చూడ్డానికి చాలా ఉంది. నేను మాత్రం వెళ్లింది బానీ కోసం. 1928లో, పదిహేడేళ్లప్పుడు, ఆమె కొన్నాళ్లు డైరీ రాసింది. మొగుడు ఎటో వెళ్లిపోయాడు, డాలస్‌లో ఏమీ తోచట్లేదు, సినిమాకి వెళ్లొచ్చినా పొద్దు పోవట్లేదు. అంతా ఇదే గోడు. హెచ్4 వీసా మీద మొగుడి వెంట అమెరికా వచ్చి పగలంతా అపార్ట్‌మెంట్‌లో ఒక్కత్తీ కూర్చున్న ఎవరికైనా ఆ డైరీ అర్థమవుతుంది. నాకు చాలా బాగా అర్థమైంది. 1930 జనవరిలో క్లైడ్ పరిచయమయ్యాడు. మార్చికల్లా అతని కోసం వేకో జైల్లోకి పిస్టల్ దాచి తీసుకెళ్లింది!

నోట్లో చుట్ట పెట్టుకుని కారుకి ఆనుకున్న ఆమె ఫొటో అందరూ చూసే ఉంటారు. అది సరదాకి తీయించుకున్నది. 1933 ఏప్రిల్‌లో ఆ ఫొటో పోలీసులకి దొరికి పేపర్లకెక్కింది. జూన్‌లో కారు బోల్తా పడి, బ్యాటరీ యాసిడ్‌తో కాలు ఎముక దాకా కాలిపోయింది. ఇక చివరిదాకా సరిగ్గా నడవలేకపోయింది. క్లైడే ఎత్తుకుని తిప్పేవాడు. కార్లో నిద్ర, వాగుల్లో స్నానం. పోయేనాటికి ఇరవై మూడేళ్లు. టీనేజ్ అమ్మాయిలున్నవాళ్లు తప్పకుండా తీసుకెళ్లండి. చిన్నపిల్లలతో మాత్రం వద్దు, శవాల ఫొటోలు కూడా ఉంటాయి.

తిరిగొచ్చాక డాలస్ దగ్గరి సౌత్‌లేక్‌లో 114 హైవే దగ్గర డోవ్ రోడ్డు మీదున్న స్మారక శిల కూడా చూడండి. మనవాళ్లు రోజూ తిరిగే చోటే. 1934 ఈస్టర్ రోజున ఈ ముఠా అక్కడ ఇద్దరు హైవే గస్తీ పోలీసులని చంపింది. వాళ్లలో మర్ఫీ అనే కుర్రాడికి ఆ నెలలోనే పెళ్లి. అతన్ని చేసుకోవాల్సిన అమ్మాయి పెళ్లి గౌనులోనే అంత్యక్రియలకి వచ్చింది. ఆ అమ్మాయికీ ఇంచుమించు బానీ వయసే.