గేమ్ మధ్యలో తెర మీద పడే పాపప్‌లు: గేమ్ మోడ్ మేలా, డీఎన్‌డీ మేలా, పర్మిషన్ తీసేయడం మేలా?

ఆదివారం రాత్రి భోజనాలయ్యాక నేను, మా బావమరిది, వాడి స్నేహితులిద్దరు కలిసి బీజీఎంఐ ఆడతాం, చివరిదాకా బతికినవాళ్లే గెలిచే తుపాకుల ఆట. మొన్నామధ్య ఆట చివరి జోన్‌కి, అంటే అందరూ చేరాల్సిన ఆఖరి చిన్న వలయానికి వచ్చింది. "బావా, త్రీ థర్టీలో ఒకడున్నాడు, చెట్టు వెనక!" అని అరిచాడు వాడు. త్రీ థర్టీ అంటే తెర పైన మధ్యలో ఉండే దిక్సూచి మీద 330 అంకె. అటు తిరుగుదామని చూస్తే, దిక్సూచి ఉండాల్సిన చోట మా అపార్ట్‌మెంట్ వాట్సాప్ గ్రూప్ కూర్చుని ఉంది. "రేపు పొద్దున ఆరింటికి ట్యాంక్ కడుగుతారు, నీళ్లు పట్టి పెట్టుకోండి." దాన్ని పైకి తోసేద్దామని వేలు పెట్టాను. తోసినట్టు కాకుండా నొక్కినట్టయింది. వాట్సాప్ తెరుచుకుంది. మళ్లీ ఆటలోకి వచ్చేసరికి నేను లేను, చచ్చినవాడి సామాను ఉండే పెట్టె మాత్రం గడ్డిలో పడి ఉంది.

ఆ వారమంతా సెట్టింగ్స్ పట్టుకుని కూర్చున్నాను. నా ఫోన్, బావమరిది ఫోన్, ఇంట్లో మూలన పడున్న పాతది, మూడింట్లోనూ మూడు దారులు పెట్టి చూశాను: గేమ్ మోడ్, నోటిఫికేషన్లనీ కాల్స్‌నీ ఆపే డీఎన్‌డీ (డు నాట్ డిస్టర్బ్), తెర మీద బొమ్మ గీసే యాప్‌ల పర్మిషన్ తీసేయడం. ఎవర్ని అడిగినా మొదట చెప్పేది "గేమ్ మోడ్ ఆన్ చెయ్" అని. నా లెక్కలో అది మూడో స్థానం.

తెర మీద పడేవన్నీ మన కంటికి ఒకేలా కనిపిస్తాయి గానీ, అవి వచ్చే చోట్లు వేరు. వాట్సాప్ మెసేజ్‌లా పైనుంచి దిగేది నోటిఫికేషన్ బ్యానర్. 2014లో ఆండ్రాయిడ్ 5తో వచ్చిందిది. కాలర్ ఐడీ యాప్ వేసే పెద్ద కార్డు, నెట్ స్పీడ్ మీటర్, స్క్రీన్ రికార్డర్ బటన్ అలాంటివి కావు. అవి నోటిఫికేషన్లే కావు. ఆ యాప్‌లు మిగతా యాప్‌ల నెత్తిన నేరుగా గీసుకునే బొమ్మలు, వాటినే ఓవర్‌లేలు అంటారు. ఆపరేటర్ దగ్గర్నుంచి ఊడిపడే ఆఫర్ బాక్స్ ఈ రెండింటిలోకీ రాదు, అది సిమ్ పని. ఒక్క బటన్ నొక్కితే అన్నీ ఆగకపోవడానికి కారణం ఇదే. "డీఎన్‌డీ పెట్టినా వస్తోందేంటి" అని ఫోన్‌ని తిట్టుకునేవాళ్లలో సగం మంది ఒక రోగానికి ఇంకో రోగం మందు వేసుకుంటున్నారు.

ముందు గేమ్ మోడ్ సంగతి. సామ్‌సంగ్‌లో గేమ్ బూస్టర్, షావోమీలో గేమ్ టర్బో, రియల్‌మీలో గేమ్ స్పేస్, వివోలో అల్ట్రా గేమ్ మోడ్... పేరు ఏదైనా పని దాదాపు ఒకటే. బ్యానర్లు ఆపుతుంది, కాల్స్‌ని తిప్పికొడుతుంది లేదా చిన్నది చేసి మూలకు నెడుతుంది, తెర వెలుగు దానంతటదే మారకుండా పట్టి ఉంచుతుంది. దీనిలో నిజంగా మెచ్చుకోవాల్సింది ఒకటుంది. ఆట తెరిస్తే అదే మొదలవుతుంది, మూస్తే అదే ఆగిపోతుంది. మనం గుర్తుపెట్టుకోవాల్సిన పని లేదు. సామ్‌సంగ్ ఫోన్లలో ఆట నడుస్తున్నంతసేపూ నావిగేషన్ జెశ్చర్లు (వెనక్కో హోమ్‌కో వెళ్లడానికి అంచు నుంచి వేలు జరపడం) పనిచేయకుండా ఆపుకునే వీలు కూడా ఉంది. అంచు మీద బొటనవేలు జారి ఆట బయటపడే బాధ దాంతో పోతుంది.

చిక్కెక్కడంటే, ఈ గేమ్ మోడ్ తానే ఒక ఓవర్‌లే. మా బావమరిది ఫోన్‌లో అది ఎడమ అంచున ఒక సన్నటి గీత పెడుతుంది, లోపలికి లాగితే ప్యానెల్ తెరుచుకుంటుంది. ఆ గీత సరిగ్గా వాడి ఎడమ బొటనవేలు తిరిగే చోట ఉంది. పరిగెత్తుతూ పరిగెత్తుతూ నాలుగుసార్లు ప్యానెల్ తెరిచాడు పాపం. దానికి తోడు ఎఫ్‌పీఎస్ (సెకనుకు ఎన్ని ఫ్రేములో చెప్పే) అంకె, వేడి అంకె, బ్యాటరీ శాతం, అన్నీ ఒక మూల వరుసగా. కొన్ని ఫోన్లలో ఇంకో సదుపాయం పెట్టారు: బ్యానర్ ఆపి, అదే మెసేజ్‌ని తెరకు అడ్డంగా పరిగెత్తే అక్షరాలుగా చూపిస్తారు. కంచే చేను మేయడమంటే ఇదే. గేమ్ మోడ్ వాడాలనుకుంటే ముందు దాని సొంత సెట్టింగ్స్‌లోకి వెళ్లి ఆ పరుగు మెసేజ్‌లూ అంకెలూ ఆపండి, గీతను వేలు తగలని చోటికి జరపండి.

డీఎన్‌డీ దీనికంటే పాతదీ నమ్మకమైనదీ. పైగా ఏ కంపెనీ ఫోన్‌లోనైనా ఉంటుంది. అయితే ఆన్ చేసి వదిలేస్తే చాలదు. కొన్ని ఫోన్లలో అది శబ్దం మాత్రమే ఆపి, బ్యానర్‌ని ఎప్పట్లాగే వదిలేస్తుంది. డీఎన్‌డీ సెట్టింగ్స్ లోపల నోటిఫికేషన్లు దాచమని చెప్పే ఆప్షన్ వేరేగా ఉంటుంది, అది చూసుకోవాలి.

దీని అసలు బలం మినహాయింపుల్లో ఉంది. స్టార్ పెట్టుకున్న నంబర్లు మోగేలా పెట్టుకోవచ్చు. 'రిపీట్ కాలర్స్' ఆన్ చేస్తే, ఒకే మనిషి పదిహేను నిమిషాల్లోపు రెండోసారి చేసినప్పుడు మోగుతుంది. ఇంట్లో పెద్దవాళ్లుంటే ఇది తప్పనిసరి. గేమ్ మోడ్‌లో కాల్స్ అన్నీ ఆపేస్తే ఈ తేడా చూపించే తెలివి చాలా ఫోన్లలో ఉండదు.

బలహీనత మాత్రం మనదే, మర్చిపోవడం. ఆదివారం రాత్రి పెట్టిన డీఎన్‌డీ నేను సోమవారం పదింటి దాకా తీయలేదు. గ్యాస్ బండ తెచ్చిన అబ్బాయి గేటు దగ్గర్నుంచి ఒక్కసారి ఫోన్ చేసి, ఎత్తకపోయేసరికి వెళ్లిపోయాడు. ఆ పూటంతా ఇండక్షన్ స్టవ్ మీద వంట. దానికి విరుగుడు ఫోన్‌లోనే ఉంది: డీఎన్‌డీ ఎంతసేపు ఉండాలో ఒక గంట అనో రెండు గంటలనో పెట్టేయండి, అదే ఆగిపోతుంది.

ఇక్కడే ఇంకో గందరగోళం. మన దగ్గర డీఎన్‌డీ అనే పేరుతో రెండు ఉన్నాయి. 1909కి 'స్టార్ట్ 0' అని మెసేజ్ పంపి నమోదు చేసుకునేది టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్ వాళ్ల ఏర్పాటు. ప్రచార కాల్స్, మెసేజ్‌లు మన నంబర్‌కి రాకుండా చూడటం దాని పని. ఫోన్‌లోని డీఎన్‌డీ వచ్చినవాటిని దాస్తుంది, అంతే. "నేను డీఎన్‌డీ ఎప్పుడో పెట్టించుకున్నాను కదా" అనేవాళ్లు ఈ రెండింటినీ కలిపేస్తున్నారు. రెండూ ఉంటే మంచిదే, గొడవేం లేదు.

ఇక నేను మొదటి స్థానం ఇచ్చేది మూడో దారికి: పాపప్ వేసే యాప్ దగ్గర్నుంచి ఆ అధికారాన్నే లాక్కోవడం. సెట్టింగ్స్‌లో యాప్స్, అందులో స్పెషల్ యాప్ యాక్సెస్, అందులో 'డిస్‌ప్లే ఓవర్ అదర్ యాప్స్'. సామ్‌సంగ్‌లో దీని పేరు 'అపియర్ ఆన్ టాప్'. షావోమీలో ఒక్కో యాప్ పర్మిషన్లలో 'డిస్‌ప్లే పాప్-అప్ విండోస్' అని ఉంటుంది. ఆ జాబితా తెరిచి చూస్తే మీకే ఆశ్చర్యం వేస్తుంది. నా ఫోన్‌లో పద్నాలుగు యాప్‌లు కనిపించాయి. ఎప్పుడో ఒకసారి వాడిన స్క్రీన్ రికార్డర్, ఫోన్ శుభ్రం చేస్తానంటూ వచ్చిన క్లీనర్, కంటికి మంచిదని ఎవరో చెబితే వేసుకున్న నీలికాంతి ఫిల్టర్, ఫైళ్లు పంపుకునే యాప్ ఒకటి. 2015లో వచ్చిన ఆండ్రాయిడ్ 6 నుంచి చాలా యాప్‌లకు ఈ అధికారం మనం చేతితో ఇస్తేనే వస్తుంది. అంటే పద్నాలుగింటిలో ఎక్కువ భాగానికి నేనే "అలాగే కానీ" అన్నానన్నమాట. గుర్తు కూడా లేదు.

నేను పదకొండు తీసేశాను. పోయిందేమీ లేదు, ఒక్కటి తప్ప. కాలర్ ఐడీ యాప్‌కి తీసేస్తే, తెలియని నంబర్ మోగినప్పుడు పేరు చూపే కార్డు రాదు. వ్యాపారం చేసేవాళ్లకి అది కుదరదు. అలాంటివాళ్లు ఆ ఒక్కదాన్ని ఉంచుకుని, ఆట సమయానికి డీఎన్‌డీతో సరిపెట్టుకోవాలి. నీలికాంతి ఫిల్టర్ యాప్‌ని మాత్రం మొహమాటం లేకుండా తీసేయండి. అదే పని చేసే ఐ కంఫర్ట్ లాంటి ఆప్షన్ ఇప్పుడు ఫోన్‌లోనే ఉంటుంది. పైగా 2021లో ఆండ్రాయిడ్ 12 వచ్చాక, బయటి యాప్ తెర మీద దట్టంగా పరదా వేస్తే దాని గుండా వెళ్లే టచ్‌ని ఫోనే ఆపేస్తోంది. "గేమ్‌లో టచ్ పట్టడం లేదు" అని గాజు మార్పించుకునే ముందు ఈ జాబితా ఒకసారి చూడటం మంచిది.

ఈ పర్మిషన్ తీసేయడానికి ఆటతో సంబంధం లేని కారణం కూడా ఒకటుంది. బ్యాంక్ యాప్ మీద అచ్చం అలాంటి దొంగ పేజీ పరిచి పాస్‌వర్డ్ కాజేసే మాల్‌వేర్ (హాని చేసే యాప్‌లు) వాడుకునే దారుల్లో ఇదొకటి.

కానీ ఈ మూడో దారి నోటిఫికేషన్ బ్యానర్లను ఆపదు. నన్ను చంపింది ఓవర్‌లే కాదు, ట్యాంక్ మెసేజ్. దానికి మందు వాట్సాప్‌లోనే దొరికింది. వాట్సాప్ సెట్టింగ్స్, నోటిఫికేషన్స్‌లో 'యూజ్ హై ప్రయారిటీ నోటిఫికేషన్స్' అని ఒక స్విచ్ ఉంటుంది. మామూలు మెసేజ్‌లకు ఒకటి, గ్రూపులకు ఇంకొకటి, విడివిడిగా. గ్రూపులది ఆపేశాను. ఇప్పుడు అపార్ట్‌మెంట్ గ్రూప్, పదో తరగతి బ్యాచ్ గ్రూప్, పెళ్లి కోసం పెట్టి పెళ్లయిన రెండేళ్లకి కూడా గుడ్ మార్నింగ్‌లు పెడుతున్న గ్రూప్, ఏదీ పైనుంచి దిగదు. మెసేజ్‌లు వస్తాయి, పైన నోటిఫికేషన్ పట్టీలో కూర్చుంటాయి, చూసినప్పుడు చూస్తాను. మనుషులు విడిగా పెట్టినవి మాత్రం ఎప్పట్లాగే కనిపిస్తాయి. ఈ ఒక్క స్విచ్‌తో నా గొడవలో ముప్పాతిక భాగం తీరిపోయింది. మిగతా యాప్‌లకైతే ఫోన్ సెట్టింగ్స్‌లో ఆ యాప్ నోటిఫికేషన్లలోకి వెళ్లి 'పాప్ ఆన్ స్క్రీన్' ఆపుకోవచ్చు. 2017లో ఆండ్రాయిడ్ 8 వచ్చినప్పటి నుంచి ఒకే యాప్‌లో ఒక్కో రకం నోటిఫికేషన్‌కి ఇది వేరువేరుగా పెట్టుకునే వీలుంది. ఫుడ్ డెలివరీ యాప్‌లో ఆర్డర్ సంగతి ఉంచుకుని, "ఆకలేస్తోందా?" అనే ఆఫర్ల గోల మానిపించొచ్చు, ఆ యాప్ రెండింటినీ విడదీసి పెట్టి ఉంటే.

సిమ్ పాపప్‌ల మీద ఈ మూడూ పనిచేయలేదు. ఆ పాత ఫోన్‌లోని సిమ్‌కి రోజుకి నాలుగైదు వచ్చేవి. క్రికెట్ స్కోరనో, రాశిఫలమనో తెర మధ్యలో ఒక పెట్టె, కింద 'ఓకే', 'క్యాన్సిల్'. ఇది నోటిఫికేషన్ కాదు కాబట్టి డీఎన్‌డీకి లొంగలేదు. పర్మిషన్ల జాబితాలోనూ లేదు. ఫోన్‌లో 'సిమ్ టూల్‌కిట్' అనే యాప్ ఉంటుంది, చాలామంది ఎప్పుడూ తెరిచి ఉండరు. అందులో ఆపరేటర్ సేవల మెనూలోకి వెళ్లి ఈ పెట్టెలు పంపే ఫ్లాష్ సేవను ఆపేయాలి. ఒక్కసారి చేస్తే చాలు. అప్పటిదాకా కంగారులో 'ఓకే' మాత్రం నొక్కకండి. ఏ సేవకు సరే అన్నామో బ్యాలెన్స్ తగ్గాక గానీ తెలియదు.

ఫ్లైట్ మోడ్ పెట్టి వైఫై ఆన్ చేసుకోవడం ఇంకో పద్ధతి. మొరటుగా ఉన్నా రెండు సిమ్‌లు వాడేవాళ్లకి దీంతో ఒక లాభముంది. చాలా ఫోన్లలో డేటా ఒక సిమ్ మీద నడుస్తుండగా రెండో సిమ్‌లో కాల్ మాట్లాడితే మొదటిదాని డేటా నిలిచిపోతుంది. అలాంటప్పుడు బ్యానర్ దాచినా ఉపయోగం లేదు, పింగ్ (ఆట సర్వర్ నుంచి జవాబు రావడానికి పట్టే ఆలస్యం) ఎటూ ఎగబాకుతుంది. వైఫై మీద ఆడితే ఆ బెడద ఉండదు. కాకపోతే వాట్సాప్ కాల్స్ వస్తూనే ఉంటాయి, వైఫై కాలింగ్ ఆన్‌లో ఉంటే మామూలు కాల్స్ కూడా వస్తాయి. కంప్యూటర్‌కి కలిపి కమాండ్‌తో బ్యానర్లన్నీ ఒకేసారి మూసేసే పద్ధతి కూడా ఉంది, కానీ నేనైతే వద్దంటాను. రేపు ఓటీపీ బ్యానర్ కూడా రాదు, ఎందుకు రావడం లేదో మీకు గుర్తుండదు.

ఐఫోన్ వాళ్లకి ఇంత తతంగం లేదు. అక్కడ ఒక యాప్ మరో యాప్ మీద ఇలా బొమ్మ గీయలేదు, కాబట్టి పోరు నోటిఫికేషన్లతోనూ కాల్స్‌తోనూ మాత్రమే. 2021లో ఐఓఎస్ 15తో వచ్చిన ఫోకస్‌లో గేమింగ్ అని ఒకటుంది, ఫలానా ఆట తెరిస్తే అదే ఆన్ అయ్యేలా పెట్టుకోవచ్చు. 2024లో ఐఓఎస్ 18తో వచ్చిన గేమ్ మోడ్‌ని చూసి మాత్రం పొరబడకండి. అది వెనక నడిచే పనులు తగ్గించి ఆటకు ఊపిరి ఇస్తుంది, నోటిఫికేషన్లను ఆపదు.

ఇప్పుడు నా ఫోన్‌లో ఉన్న ఏర్పాటు ఇది: పదకొండు యాప్‌లకి ఓవర్‌లే పర్మిషన్ లేదు, వాట్సాప్ గ్రూపులకి బ్యానర్ లేదు, ఆదివారం రాత్రి రెండు గంటల డీఎన్‌డీ. గేమ్ మోడ్‌ని అంచు జెశ్చర్లు ఆపడానికి మాత్రమే ఉంచాను. స్టార్ నంబర్లలో మా ఆవిడ, నాన్న ఉన్నారు. అమ్మ రోజూ రాత్రి తొమ్మిదిన్నరకి చేస్తుంది కాబట్టి అమ్మని రిపీట్ కాలర్స్‌కి వదిలేశాను. అవసరమైతే రెండోసారి చేస్తుంది కదా అని.

పోయిన ఆదివారం చివరి జోన్‌లో నలుగురమే మిగిలాం. తెర మీద ఒక్క మచ్చ లేదు. దిక్సూచి మొత్తం కనిపిస్తోంది. అప్పుడు మోగింది ఫోన్.

"ఏంట్రా, ఇందాక చేస్తే ఎత్తలేదు?"

"ఆటలో ఉన్నానమ్మా. ఏమైంది?"

"ఏం లేదు, ఊరికే చేశా. తిన్నావా?"