ద్వారకానగర్ స్టూడియోలో మా ఇద్దరు సూర్యుల స్తోత్రం

నేను రాస్తున్న ఫాంటసీ ఆడియో సీరియల్‌లో ఒక సూర్యస్తోత్రం ఉంది. దాన్ని వైజాగ్ ద్వారకానగర్‌లోని ఓ చిన్న స్టూడియోలో రికార్డు చేయించాను. ఆ కథాలోకంలో సూర్యులు ఇద్దరు. పెద్దాయన ముందు ఉదయించకపోతే సముద్రం గడ్డకడుతుందని అక్కడివాళ్ల భయం. అందుకే పూజారులు చీకట్లోనే గొంతెత్తుతారు. ఛందస్సు గాయత్రిదే: మూడు పాదాలు, పాదానికి ఎనిమిది అక్షరాలు.

ఇంజనీరు కుర్రాడు మొత్తం చదివాకే మైకు పెట్టాడు. "చిన్న సూర్యుడికి అన్నగారంటే కుళ్లా అండీ?" అని అడిగాడు! ఆ ఒక్క ప్రశ్నతో మూడో చరణం మారిపోయింది. భూపాలంలో పాడిద్దామన్న సలహా కూడా అతనిదే. మధ్యమం, నిషాదం లేని ఐదు స్వరాల రాగం, తెల్లవారుజాముకి పెట్టింది పేరు. పాడిన మా మేనకోడలు ఇట్టే పట్టేసింది.

తలనొప్పంతా మృదంగంతోనే. వైజాగ్ తేమకి చర్మం వదులై శ్రుతి దిగిపోతుంది. ఏసీ వేస్తే ఆ హోరంతా, చిన్న చప్పుడు కూడా పట్టేసే కండెన్సర్ మైకులోకి వస్తుంది. ఆపితే గది ఇడ్లీ పాత్రే. టేకుల మధ్య వేస్తూ, పాడేటప్పుడు ఆపుతూ లాక్కొచ్చారు. వాళ్లు తీసుకునే రేటుకి చప్పుడు లేని ఏసీ అడగడం అత్యాశేం కాదు.

ఫైళ్లు వీడియోకి పనికొచ్చేలా 48 కిలోహెర్ట్జ్, 24 బిట్‌లో ఇచ్చారు. గొంతు, మృదంగం వేటికవే ఉండే విడి ట్రాకులు మాత్రం అడిగితేనే ఇస్తారు. పార్కింగ్ దొరకదు, బస్సులో వెళ్లండి, ఆర్టీసీ కాంప్లెక్స్ దగ్గరే. పెద్ద కోరస్ ఉంటే మాత్రం ఇంకో చోటు చూసుకోండి.