ఫోన్‌లోనే పీసీ టూంబ్ రైడర్: ఏడాది పైగా ఆడాక

బెంగళూరు మారతహళ్లి పీజీలో నా వాటా ఒక మంచం, సగం అల్మారా. గేమింగ్ పీసీకి చోటెక్కడ? ఆఫీసు ల్యాప్‌టాప్‌లో ఆటలు ఎక్కించనివ్వరు. అందుకే 2013 నాటి టూంబ్ రైడర్ పీసీ వెర్షన్‌ని విన్‌లేటర్ అనే యాప్‌తో ఆండ్రాయిడ్ ఫోన్‌లోనే ఆడుతున్నాను. ఆట ఎక్కడో కంప్యూటర్‌లో నడుస్తుంటే నెట్ ద్వారా ఫోన్‌లో ఆడే స్ట్రీమింగ్ కూడా ప్రయత్నించాను. బిల్డింగంతా పంచుకునే వైఫైలో నేను నొక్కాక ఎప్పటికో గానీ ఆటలో హీరోయిన్ లారా బాణం వదలదు.

విన్‌లేటర్‌తో ఆట ఫోన్‌లోనే నడుస్తుంది, నెట్ అక్కర్లేదు. సంక్రాంతికి ఊరెళ్లే స్లీపర్ బస్సులో ఇది పెద్ద సుఖం. లోపల జరిగే పని మాత్రం మామూలుది కాదు. విండోస్ చేయాల్సిన పనులు యాప్‌లోపలి వైన్ అనే సాఫ్ట్‌వేర్ చేస్తుంది. పీసీ ప్రాసెసర్ కోసం రాసిన కోడ్‌ని బాక్స్64 అనే ఇంకోటి ఫోన్ చిప్‌కి అర్థమయ్యేలా మారుస్తుంది. విండోస్ ఆటలు వాడే డైరెక్ట్‌ఎక్స్ గ్రాఫిక్స్‌ని డీఎక్స్‌వీకే అనేది ఫోన్‌కి తెలిసిన వల్కన్ పద్ధతిలోకి తెస్తుంది. ఆడుతున్నంతసేపూ ఇదంతా సాగుతూనే ఉంటుంది, ఫోన్ కాలకేం చేస్తుంది?

అసలు తలనొప్పి ఆ వేడే. నా ఫోన్‌లో ఉన్నది స్నాప్‌డ్రాగన్ 8 జెన్ 2 చిప్, బలానికి లోటు లేదు. కానీ ఫ్రేమ్ రేట్‌ని (సెకనుకి తెర మీద మారే బొమ్మల సంఖ్య) దాని ఇష్టానికి వదిలేస్తే మొదట్లో పరుగెత్తి, అరగంటలో చతికిలపడుతుంది. 30కి కట్టేశాక హాయిగా ఉంది. రిజల్యూషన్ 1280x720, గ్రాఫిక్స్ సెట్టింగ్ ‘లో’ (తక్కువ). లారా వెంట్రుకలు విడివిడిగా ఊగడానికి ట్రెస్‌ఎఫ్‌ఎక్స్ అని ఒకటుంది, దాన్ని ఆపేయండి. ఇంత చిన్న తెర మీద ఆ జుట్టు సోకు ఎవరు చూడొచ్చారు! కొత్త చోటికి వెళ్లినప్పుడు షేడర్లు (బొమ్మ గీసే చిన్న ప్రోగ్రాములు) తయారయ్యేదాకా కాస్త కుదుపు ఉంటుంది, తర్వాత సర్దుకుంటుంది.

టచ్ బటన్లతో మాత్రం ఆడకండి. మొదట్లోనే ఎడమ, కుడి టకటకా నొక్కి విడిపించుకోవాల్సిన ఘట్టాలు వస్తాయి. గాజు మీద వేలు జారుతుంది, లారా చస్తుంది. బ్లూటూత్ కంట్రోలర్ కొన్నాకే ఇది ఆటలా అనిపించింది. మెనూల్లో అక్షరాలు మరీ చిన్నవి, దానికి మందు దొరకలేదు.

ఆట కొనేముందు మీ ఫోన్ జీపీయూ (గ్రాఫిక్స్ చూసుకునే చిప్ భాగం) ఏదో చూసుకోండి. నేను వాడే టర్నిప్ అనే గ్రాఫిక్స్ డ్రైవర్ స్నాప్‌డ్రాగన్ చిప్‌లలో ఉండే అడ్రినో జీపీయూలకే. వేరే జీపీయూ అయితే ముందు ఏదైనా చిన్న పాత ఆటతో పరీక్షించండి. విన్‌లేటర్ ప్లే స్టోర్‌లో ఉండదు, తయారుచేసినవారి గిట్‌హబ్ పేజీ నుంచే తీసుకోండి. అదే పేరుతో నకిలీ సైట్లున్నాయి.

కంటైనర్ (విన్‌లేటర్‌లో ఆట నడిచే విండోస్ లాంటి అర) తీసేస్తే అందులోని సేవ్‌లూ (ఆటలో ఎక్కడిదాకా వచ్చామో దాచే ఫైళ్లు) పోతాయి. విన్‌లేటర్‌లో కనిపించే డి డ్రైవ్ అంటే ఫోన్ డౌన్‌లోడ్ ఫోల్డరే. యాప్ అప్‌డేట్ చేసే ముందు సేవ్‌లని అక్కడికి కాపీ చేసుకోండి.