కువైట్‌కి పచ్చళ్ల ప్యాకింగ్: అమీర్‌పేట షాపులో నా అనుభవం

మా అమ్మ కువైట్‌లో ఇంటిపనికి పోయి తొమ్మిదేళ్లయింది. మాది రాజంపేట పక్కన పల్లె. ఈసారి సెలవయ్యాక ఫ్లైటు శంషాబాద్ నుంచి కాబట్టి పచ్చళ్లు ఇక్కడే, అమీర్‌పేటలో మా హాస్టల్ సందులో ఉన్న షాపులో కట్టించా. పోయినసారి నేనే కట్టాను. అక్కడ దిగేసరికి కొత్త నైటీలన్నీ నూనె తాగేశాయి. అమ్మ ఒక్క మాట అనలేదు, తిట్టినా బాగుండేది.

ప్యాకింగ్ చేసే పెద్దాయన పనిమంతుడు. కవరు మూతిని చొక్కా చెయ్యి మడిచినట్టు బయటికి మడిచి, అప్పుడు ఆవకాయ నింపాడు. నిండాక మడత విప్పితే సీలు పడే చోట నూనె చుక్క లేదు. నూనె తగిలితే సీలు అతుక్కోదంట. రెండు వరసలు సీలు, పైన ఇంకో కవరు, దానికీ సీలు. గాలి లాగే మిషన్ వద్దన్నాడు, నూనె పైకి తన్నుకొస్తదని.

గొడవంతా కౌంటర్ దగ్గరే. నేనడిగింది 100 గ్రాముల ప్యాకెట్లు 20. అరకిలోకి తక్కువైతే కట్టం అన్నాడు ఓనరు. అమ్మ పనిచేసే ఇంట్లో ఫ్రిజ్ వాళ్లది, వాసనొస్తే మామా ఊరుకోదు. యజమానురాలిని అమ్మ అలాగే పిలవాలి. విప్పింది ఆ పూటకే అయిపోవాలి. వారానికో రోజు సెలవివ్వాలని 2015లో వచ్చిన అక్కడి 68వ నంబరు చట్టంలోనే ఉంది, అమ్మకు దక్కేది నెలకు రెండు శుక్రవారాలు. ఆ రోజు మన పక్కోళ్లు నలుగురు చేరి అన్నం వండుకుంటారు. ఆ నాలుగు ముద్దలకు అరకిలో ఎందుకు? ఇదంతా చెప్పుకున్నాక, ప్యాకెట్‌కి 10 రూపాయలు ఎక్కువ తీసుకుని ఒప్పుకున్నాడు. ఆ రేటేదో బోర్డు మీద రాస్తే నేను నలుగురిలో ఇంటి సంగతులు చెప్పుకునే పని తప్పేది. తారీఖులు స్కెచ్ పెన్‌తో రాశారు, చెయ్యి తగిలితే పోయాయి.

ఆవకాయ బాగుంది. గోంగూరలో ఉప్పెక్కువ. కందిపొడి జోలికి పోకండి.

మొన్న శుక్రవారం వీడియో కాల్. ఇక్కడ మూడు, అక్కడ పన్నెండున్నర. కత్తెర లేక అమ్మ కవరును పంటితో పీకుతోంది, పక్కనామె నవ్వుతోంది.

"ఎవురు కట్టినారే ఇంత గట్టిగా?"

ఇంకా పద్దెనిమిది ఉన్నాయంట, మంచం కింద సూట్‌కేసులో.